ముప్పావు చెంచా

నా ఇల్లాలికి,

నీ భర్త ప్రేమతో రాస్తున్న ఉత్తరం. ఇక్కడ నేనూ, పిల్లలిద్దరూ, మీ అమ్మా క్షేమం. అక్కడ నీకు దగ్గు నెమ్మదించిందనీ, కంటి నిండా నిద్ర పడుతోందనీ నమ్ముతున్నాను. ‘క్షేమం’ అన్న మాట ఉత్తరం మొదట్లో దానంతట అదే చేతికి వచ్చేస్తుంది. ఈసారి మాత్రం కలం ఆపి, ఒక్కొక్కరి ముఖం తలచుకుని, నిజమే అనుకున్నాక రాశాను.

ఈరోజు సెలవు. అయినా కొట్టుకి వచ్చాను. వెనక గదిలో రంగు డబ్బాల మధ్య ఒక డ్రమ్ము తిరగేసి, దాని మీద కాగితం పెట్టుకుని రాస్తున్నాను. ఇంట్లో రాయొచ్చు కదా అంటావు. ఇంట్లో మన పెద్దది రాయనివ్వదు. దానికి గిలక అని పేరు పెట్టింది నువ్వే, అది ఆ పేరు నిలబెడుతోంది. భుజం మీదుగా తొంగిచూస్తూ ‘నాన్నా, ఇక్కడ వత్తు పోయింది’ అంటుంది. కాగితం అంచున ఆకుపచ్చ మరక చూసి కంగారుపడకు. నిన్న ఒకాయన తలుపులకి చిగురు రంగు కావాలన్నాడు. కలిపి చూపిస్తే ఇది చిగురు కాదు, ముదురాకు అన్నాడు. తెలుపు కలిపితే ఇప్పుడు వాడిపోయింది అన్నాడు. ఆయన ఇంట్లోవాళ్ళ ఓపిక తలచుకుని నవ్వుకున్నాను.

నీ ఉత్తరంలో అడిగినవన్నీ వరసగా రాస్తాను. స్నానాల గది కుళాయి బాగుచేయించాను, ఇప్పుడు కారడం లేదు, కాకపోతే తిప్పితే కూస్తోంది. నీ ఊలు శాలువా పార్సిల్లో పంపాను, అందిందో లేదో రాయి. మన చిన్నది, బుగ్గల బంతి, దాని బరువు అడిగావు. మొన్న తూచారు, ఆరు కిలోల ముప్పావు ఉంది. కింద పన్ను ఒకటి తెల్లగా కనిపిస్తోంది. దొరికిందల్లా కొరుకుతోంది, నా వేలితో సహా. నువ్వు అడిగింది నువ్వు వెళ్ళిన నాటికీ ఇప్పటికీ ఎంత పెరిగిందని. ఆ సంగతి చివర్లో రాస్తాను.

మీ అమ్మ కళ్ళు చూపించమన్నావు. చూపించాను. శుక్లాలు ఇంకా ముదరలేదట, ఆపరేషనుకి తొందర లేదన్నాడు డాక్టరు. దూరపు చూపు మందగించింది కానీ, దగ్గరివి బాగానే కనిపిస్తున్నాయట. పరీక్ష అట్ట మీద అన్నిటికన్నా చిన్న అక్షరాలు కూడా గడగడా చదివింది. ఆ పక్క కుర్చీలో కూర్చున్న నాకు మాత్రం సంతోషం కలగలేదు. ఎందుకో అదీ చెబుతాను.

గిలకకి భిన్నాల లెక్కలు వస్తున్నాయా, మీరు దగ్గర కూర్చుంటున్నారా అని రాశావు. వస్తున్నాయి. నేను దగ్గర కూర్చోకపోతే ఇంకా బాగా వస్తాయి. వాళ్ళకి కొత్త టీచరమ్మ వచ్చింది. భాగించడమంటే భయపడే పని కాదు, ‘ఇందులో అది ఎన్నిసార్లు పడుతుంది’ అని అడగడమే అని చెప్పిందట. ఇక చూసుకో, ఇంట్లో మాకు ఊపిరాడటం లేదు. కూజాలో గ్లాసు ఎన్నిసార్లు పడుతుంది? మంచంలో దిండు ఎన్నిసార్లు పడుతుంది? గంటంబావులో పావుగంట ఎన్నిసార్లు పడుతుంది? ఒకరోజు ఐదుంబావు అడుగుల రిబ్బను పట్టుకొచ్చింది. ఒక్కో పువ్వుకి అడుగులో ఎనిమిదింట ఏడు వంతులు కావాలి, ఎన్ని పువ్వులొస్తాయి నాన్నా, చెప్పు చూద్దాం అంది. నేను తల గోక్కునేలోపే అది చేసేసింది. ముందు ఐదుంబావుని ఇరవై ఒకటి బై నాలుగు చేసింది. భాగించేదాన్ని తలకిందులు చేసింది, ఏడు బై ఎనిమిది కాస్తా ఎనిమిది బై ఏడయింది. గుణించింది, కొట్టేసింది, ఆరు అంది. తర్వాత కత్తెర తీసుకుని కోసి చూపించింది. సరిగ్గా ఆరు పువ్వులు, దారప్పోగంత కూడా మిగల్లేదు. అవి ఇప్పుడు బంతి ఉయ్యాలకి నాలుగు, మీ అమ్మ చేతికర్రకి ఒకటి, నా సైకిలుకి ఒకటి ఉన్నాయి. సైకిలుది తియ్యనివ్వడం లేదు. కొట్లో అందరూ పెళ్ళికొడుకా అని పిలుస్తున్నారు.

ఇక నువ్వు రెండు ఉత్తరాలుగా అడుగుతున్న ప్రశ్న ఒకటి మిగిలింది. మీ ఉత్తరం కింద ఎప్పుడూ రెండు ముక్కలు రాసే అమ్మ ఎందుకు రాయడం మానేసింది, ఒంట్లో బాగాలేదా, నా దగ్గరేమైనా దాస్తున్నారా అని.

ఇక్కడిదాకా రాసి, లేచి, కొట్టంతా ఊడ్చాను. ఊడ్చిన కొట్టునే మళ్ళీ ఊడ్చాను. ఇక ఊడవడానికేం లేదు కాబట్టి రాస్తున్నాను. నిన్ను కలవరపెట్టే సంగతులేవీ రాయొద్దని మీ పెద్ద డాక్టరు మరీ మరీ చెప్పారు. ఇన్నాళ్ళూ ఆ మాట చాటున దాక్కున్నాను. ముందే ఒక మాట చెబుతున్నాను, అది గట్టిగా పట్టుకుని మిగతాది చదువు: బంతి ఇప్పుడు బాగుంది. నవ్వుతోంది, కొరుకుతోంది, రాత్రి ఒకసారే లేస్తోంది.

నువ్వు ఆసుపత్రిలో చేరాక బంతికి డబ్బా పాలు మొదలుపెట్టాం కదా. సీసాలో గీత దాకా నీళ్ళు పోసి, డబ్బాతో వచ్చిన చెంచాతో నాలుగున్నర చెంచాల పొడి వేసి కలపాలని డాక్టరమ్మ చెప్పింది. అలాగే చేస్తూ వచ్చాం. ఒకరోజు ఆ ప్లాస్టిక్ చెంచాని నేనే పొయ్యి అంచున పెట్టి మర్చిపోయాను. కరిగి ముద్దయిపోయింది. తర్వాత తెచ్చిన పొడి ప్యాకెట్లలో చెంచాలు రాలేదు. దుకాణంలో అడిగితే, ఉంటే ఇవ్వమా అన్నాడు. నేను వంటింట్లోంచి ఒక స్టీలు చెంచా తీసుకున్నాను. పాత చెంచా కొలత డబ్బా మీద రాసే ఉంది. కొట్టు నుంచి రంగులు కొలిచే గీతల గ్లాసు తెచ్చి కొలిచాను. స్టీలు చెంచా పాతదానిలో సరిగ్గా ముప్పావు వంతు పట్టింది. కొలవడంలో తప్పు లేదు. అది ఇప్పటికీ చెబుతాను.

తప్పు ఆ తర్వాత చేశాను. పాత చెంచాతో నాలుగున్నర, ఇది ముప్పావు చెంచా, కాబట్టి నాలుగున్నరలో ముప్పావు వంతు అనుకుని గుణించేశాను. మూడు, దాని మీద ఎనిమిదింట మూడు వంతులు వచ్చింది. ‘మూడు చెంచాలు, పైన మూడో వంతు కంటే కాస్త ఎక్కువ వేయండి అత్తయ్యా’ అని చెప్పాను. మీ అమ్మ చెంచాని అటూ ఇటూ తిప్పి చూసి, ‘లెక్కలు నాకేం తెలుసు బాబూ, మీరెంతంటే అంత’ అంది. ఆమె అలా అన్నప్పుడు నాకు కాస్త గర్వంగా కూడా అనిపించింది. చెప్తే సిగ్గుచేటు.

చెంచా చిన్నదయితే ఎక్కువ చెంచాలు పడాలి కదా అని ఇప్పుడు నీకు అనిపిస్తూ ఉంటుంది. చంటిపిల్లకి కూడా తెలిసే మాట అది. నాకు తట్టలేదు. ఆ పూట నుంచి మన పాప సీసాలో పడాల్సిన దాంట్లో సగానికి కాస్త ఎక్కువ మాత్రమే పడింది. మిగతాదంతా నీళ్ళు.

మొదట్లో ఊరికే ఏడ్చేది. పళ్ళొస్తున్నాయేమో అనుకున్నాం. సీసా ఖాళీ చేసి ఇంకా చప్పరిస్తుంటే, మీ అమ్మ ‘దీని ఆకలి చూస్తే ముచ్చటేస్తోంది’ అనేది. తర్వాత ఏడుపు తగ్గింది. హమ్మయ్య అనుకున్నాను. అది ఏడవడానికి ఓపిక లేక అని నాకు తెలియలేదు. బుగ్గలు జారాయి. బంతి అని పిలవడానికి నోరు రాలేదు. ఒక మధ్యాహ్నం మీ అమ్మ కొట్టుకి ఫోను చేయించింది, పాప కళ్ళు తెరవడం లేదని.

ఆసుపత్రిలో చేర్చుకున్నారు. చేతికి సూది గుచ్చి సెలైను పెట్టారు. ఆ వరండాలో బల్ల మీద కూర్చునే నీకు ‘ఇక్కడ అందరం క్షేమం’ అని ఉత్తరం రాశాను. ఆ ఉత్తరం నీ దగ్గరుంటే చింపెయ్.

డాక్టరమ్మ మమ్మల్నిద్దర్నీ పిలిచింది. “పాలు కలిపేది ఎవరు?” అంది.

“నేనేనమ్మా,” అంది మీ అమ్మ.

“నీళ్ళెక్కువ పోస్తున్నారా? పొడి తక్కువేస్తున్నారా?”

“అల్లుడు కొలిచి చెప్పినట్టే వేస్తున్నానమ్మా.”

పక్కనున్న నర్సు మీ అమ్మ కళ్ళద్దాల వంక చూసింది. “పెద్దవాళ్ళకి చెంచా నిండిందో లేదో ఆనదండీ. ఇలాంటి కేసులు చాలా చూశాం,” అంది.

డాక్టరమ్మ నా వైపు తిరిగింది. “మీరు కొలత సరిగ్గానే చెప్పారా?”

నేనేమన్నానో తెలుసా? “చెప్పానండీ. రంగుల కొట్లో రోజంతా నా పని అదే,” అన్నాను. రవ్వంత అనుమానమైనా లేకుండా అన్నాను. ఒట్టు, అప్పుడు నిజంగానే అలా నమ్మాను. మీ అమ్మ తన రెండు చేతుల్నీ ఒకసారి చూసుకుని కొంగులో దాచుకుంది.

ఇంటికొచ్చే దారిలో నోరు జారాను. “కనిపించకపోతే కనిపించడం లేదని చెప్పొచ్చు కదా అత్తయ్యా. పసిదాని ప్రాణంతో ఆటలా?” అన్నాను. రోడ్డు మీద, నలుగురూ వినేలా. ఆమె నా కంటే రెండడుగులు వెనకపడింది. అలాగే వెనకే నడిచి ఇంటికొచ్చింది.

పాపని ఇంటికి పంపేటప్పుడు డాక్టరమ్మ చెంచాతో సహా కొత్త డబ్బా ఇచ్చింది. ఇక నుంచి మీరే కలపండి అని నాతో చెప్పింది. కొత్త చెంచాతో నాలుగున్నర చెంచాలు, లెక్క వెయ్యాల్సిన పనే లేదు. బంతి తేరుకుంది. నాలుగు పూటలకే కళ్ళలో వెలుగొచ్చింది. అది తేరుకుంటున్నకొద్దీ నా మాటే నిజమని నాకు బలపడింది. నేను కలిపితే పిల్ల బాగుపడింది, ఆమె కలిపితే చిక్కిపోయింది, ఇంకేం సాక్ష్యం కావాలి అనుకున్నాను.

మీ అమ్మ పాపని ఎత్తుకోవడం మానేసింది. అది చేతులు చాపితే, ‘అమ్మా గిలకా, చెల్లిని తీసుకో’ అనేది. సీసా కడగమంటే కడిగేది, కడిగి నా ముందు పెట్టి, ‘శుభ్రంగా ఉందో లేదో ఒక్కసారి చూడండి బాబూ’ అనేది. ఉప్పు డబ్బా మూత తీసి, వేసిందో లేదో గుర్తులేక గిలకని రుచి చూడమనేది. నీకు ఉత్తరంలో రెండు ముక్కలు రాయమని కాగితం ఇస్తే, ‘ఏ మొహం పెట్టుకుని రాయను, పిల్ల బాగుందని రాస్తే అబద్ధం, నేనిలా చేశానని రాస్తే అది తట్టుకోలేదు’ అని పక్కన పెట్టేసింది.

కళ్ళ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళింది అప్పుడే. నువ్వు అడిగావని కాదు. నా మాట నిజమని ఆయన నోట వినాలని. ఆయన దగ్గరి చూపు దివ్యంగా ఉందన్నాడు. తిరిగొచ్చేటప్పుడు మీ అమ్మ “కళ్ళు బాగుంటే మరి నా బుర్రే పోతోందేమో బాబూ,” అంది. ఆ మాటకి నేను లేదని అనలేదు.

తర్వాత నాలుగైదు రోజులకి గిలక బళ్ళోంచి వచ్చి లెక్క ముందేసుక్కూర్చుంది. బకెట్టులో ఏడున్నర లీటర్ల నీళ్ళున్నాయి. మగ్గుకి ముప్పావు లీటరు పడుతుంది. ఎన్ని మగ్గులు ముంచితే బకెట్టు ఖాళీ అవుతుంది?

“ముప్పావు కదా,” అన్నాను నేను. “ఏడున్నరని ముప్పావుతో గుణించు.”

అది గుణించింది. “ఐదు, పైన ఎనిమిదింట ఐదు వచ్చింది. తప్పు నాన్నా.”

“తప్పెలా అవుతుంది? గుణకారం సరిగ్గానే చేశావుగా.”

“గుణకారం సరిగ్గానే చేశాను. లెక్క తప్పు.” అది పకపకా నవ్వింది. “మగ్గు లీటరు కంటే చిన్నది కదా నాన్నా! లీటరు మగ్గయితేనే ఏడున్నర మగ్గులు కావాలి. ఇంకా చిన్న మగ్గుతో ఐదుకే ఎలా అయిపోతుంది? ఇక్కడ గుణించకూడదు, భాగించాలి. ఏడున్నరలో ముప్పావు ఎన్నిసార్లు పడుతుంది? పదిహేను బై రెండు, ఇంటూ నాలుగు బై మూడు. పది! పది మగ్గులు.”

నేను మనసులోనే చెంచా లెక్క మళ్ళీ వేశాను. నాలుగున్నర అంటే తొమ్మిది బై రెండు. ఇంటూ నాలుగు బై మూడు. ముప్పై ఆరు బై ఆరు. ఆరు. ఆరు చెంచాలు వెయ్యాల్సింది. నేను మూడూ చిల్లర వేయించాను.

“ఏమైంది నాన్నా, అలా అయిపోయావు?” అంది గిలక.

“ఏం లేదు. బాగా చేశావు,” అన్నాను.

పక్క గదిలో మీ అమ్మ గోడ వైపు తిరిగి పడుకుని ఉంది. లేచి వెళ్ళి చెప్పడానికి పది అడుగులు కూడా లేవు. వెళ్ళలేదు. రేపు చెబుదాం అనుకున్నాను. రేపొచ్చాక సాయంత్రం అనుకున్నాను. తేలు కుట్టిన దొంగలా తిరిగాను. పాప బాగయింది కదా, ఇప్పుడు తవ్వుకుని ఏం లాభం అని నాకు నేనే నచ్చజెప్పుకున్నాను. అంతవరకూ చేసింది తెలియక చేశాను. ఇది మాత్రం తెలిసి చేశాను. నువ్వు నన్ను క్షమించినా క్షమించకపోయినా, ఈ రెంటినీ ఒకే గాటన కట్టొద్దు.

ఒకరోజు మీ అమ్మ సంచీ సర్దుకుంది. “మా అబ్బాయి దగ్గరికి పోతాను బాబూ. ఇక్కడుంటే నాకు పాప దగ్గరికి పోవాలనిపిస్తుంది. పోతే మళ్ళీ ఏం చేస్తానో అని భయం,” అంది. అప్పుడైనా చెప్పాలి కదా! చెప్పలేదు. బస్సుకి టిక్కెట్టు తెచ్చాను. సంచీ మోసుకుంటూ బస్టాండుకి తీసుకెళ్ళాను. కిటికీ పక్క సీటు చూసి కూర్చోబెట్టి, మంచినీళ్ళ సీసా చేతికిచ్చాను. ఎంత మంచి అల్లుణ్ణో చూడు.

కండక్టరు ఇంకా ఎక్కలేదు. మీ అమ్మ కిటికీలోంచి నా చెయ్యి పట్టుకుంది. “చెంచా అంచుకి సమంగా తలకొట్టి వెయ్యండి బాబూ. గబుక్కున వెయ్యకండి. నాలాగా కాకుండా జాగ్రత్తగా చూసి వెయ్యండి,” అంది.

ఇక దాచుకోవడం నా వల్ల కాలేదు. “మీరు సరిగ్గానే వేశారత్తయ్యా,” అన్నాను.

“ఏంటీ?” ఇంజను మోతలో ఆమెకి వినబడలేదు.

అరిచి చెప్పాల్సి వచ్చింది. “లెక్క నేను తప్పు చేశాను! ఆరు చెంచాలు వెయ్యమనాలి! మూడు వెయ్యమన్నాను! మీ కళ్ళు బాగానే ఉన్నాయి, మీ చేతులు బాగానే ఉన్నాయి! నాకు తెలిసి కూడా నాలుగు రోజులైంది!”

బస్సులో వాళ్ళంతా తిరిగి చూశారు. కండక్టరు ఎక్కాడు. మీ అమ్మ లేచింది. సంచీ తీసుకుని, ఎవరి సాయం లేకుండా మెట్లు దిగింది. బస్సు వెళ్ళిపోయింది. సిమెంటు బల్ల మీద కూర్చుంది. నేను నిలబడే ఉన్నాను.

“తెలిసి నాలుగు రోజులైందా?” అంది.

“అయింది.”

“తెలిసే టిక్కెట్టు తెచ్చారా?”

“తెచ్చాను.”

ఆమెకి కోపం రావడం నేనెప్పుడూ చూడలేదు. నువ్వు చూశావో లేదో. గొంతు పెంచలేదు. “లెక్క తప్పినందుకు నాకేం కోపం లేదు బాబూ. మనిషన్నాక తప్పుతాడు. ముగ్గురు పిల్లల్ని పెంచిన చేతులు ఇవి. వీటి మీద నాకే అనుమానం పుట్టించారు. పిల్ల నా వైపు చేతులు చాపితే మొహం తిప్పుకున్నాను. దానికి ఏం లెక్క చెబుతారు మీరు?” అంది.

నేను ఆమె సంచీ ఎత్తి భుజానికి తగిలించుకున్నాను.

కాసేపటికి కళ్ళు తుడుచుకుని లేచింది. “నడవండి. ముందు ఆ డాక్టరమ్మ దగ్గరికి,” అంది.

వెళ్ళాం. బయట జనం ఉన్నారు. లోపల డాక్టరమ్మా, ఆ నర్సూ ఇద్దరూ ఉండగా, జరిగింది మొదట్నుంచి చివరిదాకా చెప్పాను. గుణించానని, భాగించాల్సిందని, మా పిల్ల పట్టుకుందని, పట్టుకున్నాక కూడా దాచానని. డాక్టరమ్మ కలం కింద పెట్టి విన్నది. “చెంచా పోతే ఇక్కడికొచ్చి ఇంకోటి అడగాలి గానీ, ఇంట్లో లెక్కలేమిటండీ!” అని నన్ను గట్టిగానే చివాట్లు పెట్టింది. తర్వాత మీ అమ్మ వైపు తిరిగి, “తప్పు మాది కూడా పెద్దమ్మా. ఎన్ని చెంచాలు వేస్తున్నారని నేను ఒక్క మాట అడిగి ఉంటే అక్కడే తేలిపోయేది,” అంది. నర్సు లేచి తన కుర్చీ మీ అమ్మకి వేసింది.

ఇంటికొచ్చాక గిలకకీ చెప్పాను. అది వింటూ వింటూ, “అయితే ఆ బకెట్టు లెక్కప్పుడే నీకు తెలిసిపోయిందా?” అంది. అవునన్నాను. ఎప్పుడూ ఏదో ఒకటి అనే పిల్ల, ఏమీ అనకుండా వెళ్ళి వాళ్ళ అమ్మమ్మ పక్కన ముడుచుకు కూర్చుంది. దాని మాటలు లేని ఇల్లు ఎలా ఉంటుందో ఆ సాయంత్రం చూశాను. మర్నాటికి మళ్ళీ మామూలే. కూజా, గ్లాసు, దిండు.

నీకు నేనే రాయాలని మీ అమ్మ చెప్పింది. “నేను రాస్తే మీ మీద చాడీలు చెప్పినట్టుంటుంది. మీరు రాయండి, దాచకుండా రాయండి,” అంది. రాశాను. బంతి ఆసుపత్రికి వెళ్ళేనాటికి, నువ్వు వదిలి వెళ్ళినప్పటి కంటే ముప్పావు కిలో తగ్గింది. ఆ తగ్గిందీ పూడింది, పైన ఇంకో అర కిలో పెరిగింది. నువ్వు అడిగిన ప్రశ్నకి ఇదీ జవాబు. ఇకముందు ప్రతి వారం తూచి రాస్తాను. నమ్మకం కుదరకపోతే డాక్టరమ్మ చేతే రాయించి పంపుతాను. పాపని ఇక్కడ ఉంచొద్దు, మా అన్నయ్య దగ్గర ఉంచండి అని నువ్వంటే అలాగే చేస్తాను. ఎదురు చెప్పను. కోపం వస్తే దాచుకోకుండా రాయి. నీ దగ్గు గుర్తు పెట్టుకుని, కూర్చుని రాయి. శాంతంగా ఉండు అని చెప్పే అర్హత నాకు లేదు కానీ, మందులు మాత్రం మానకు.

నిన్న పొద్దున కొట్టుకి బయల్దేరబోతూ బంతికి పాలు కలపడానికి నీళ్ళు కాచాను. మీ అమ్మ వచ్చి పక్కన నిలబడింది. “మీకు ఆలస్యమవుతుంది. నేను కలుపుతాను,” అంది. సరేనని సీసా చేతికిచ్చాను. నేను అక్కడే నిలబడి ఉండడం చూసి, “వెళ్ళండి,” అంది. గడప దాటి చెప్పులు తొడుక్కుంటుంటే లోపల్నుంచి గొంతు వినిపించింది. ‘ఒకటి. రెండు. మూడు. నాలుగు.’ కాసేపు ఆగి, ‘అర’. ఒక్కో అంకెకీ మధ్య అంత నిదానం.

ఇదివరకు మీ అమ్మ పైకి లెక్కపెట్టేది కాదు.

ఇట్లు,
నీ జవాబు ఏదైనా తల వంచి చదువుకునే
నీ భర్త